ఫలితాలు వచ్చేదాకా ఇంట్లో ఎలా మసలుకోవాలి?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం గుంటూరు, విజయవాడల నుంచి వచ్చినవే. రాసినవారు వేరు, వయసులు వేరు, కానీ అన్నిటి వెనుకా ఉన్న బాధ ఒక్కటే. చదువు పూర్తయి, చేతికి ఉద్యోగం అందని పిల్లలున్న ఇళ్లు అవి. అందుకే ఇతర ప్రశ్నలను వచ్చే సంచికకు ఉంచి, ఈ ఐదింటికీ కాస్త తీరికగా జవాబు రాస్తున్నాను. రాసినవారిని గుర్తుపట్టే వీలున్న వివరాలను తీసివేశాను.

ప్రశ్న: మాది గుంటూరు, బ్రాడీపేట. మా అబ్బాయికి 27 ఏళ్లు. బీటెక్ అయ్యాక హైదరాబాద్‌లో ఒక చిన్న కంపెనీలో చేరాడు. కరోనా రోజుల్లో ఆ ఉద్యోగం పోయింది. అప్పటి నుంచి గ్రూప్స్‌కు చదువుతున్నాడు. గ్రూప్-2 ప్రిలిమ్స్ దాటాడు, మెయిన్స్‌లో పోయింది. వాళ్ల నాన్నగారు ఒక హోల్‌సేల్ దుకాణంలో లెక్కలు రాస్తారు. ఆయనకూ వాడికీ మాటలు లేక నెలలు దాటాయి. ఉదయం తొమ్మిదిన్నరకు ఆయన స్కూటర్ బయటికి తీసి, గేటు గొళ్లెం వేసిన చప్పుడు వినబడ్డాకే వాడు గదిలోంచి బయటికి వస్తాడు. రాత్రి స్కూటర్ చప్పుడు కాగానే మళ్లీ లోపలికి వెళ్లిపోతాడు. మూతపెట్టి ఉంచిన అన్నం మూడు గంటలకు తింటాడు. మొన్న విజయవాడలో మా ఆడపడుచు కూతురి పెళ్లికి తలనొప్పి అని రాలేదు. అక్కడ కనబడ్డ ప్రతివారూ "మీవాడు ఏం చేస్తున్నాడు" అనే అడిగారు. ఆ ఉక్రోషం ఇంటికి వచ్చాక వాడి మీద చూపించాను, నోటికి వచ్చినట్టు అరిచాను. వాడు తిరిగి ఒక్క మాట అనలేదు. తిన్న కంచం తానే కడిగి, బోర్లించి, గదిలోకి పోయాడు. ఆ రాత్రి నుంచి నాకు నిద్ర లేదు. వాడితో ఏం మాట్లాడాలి, ఏం మాట్లాడకూడదు?
– ఒక తల్లి

జవాబు: అమ్మా, మీ ఉత్తరంలో నన్ను ఎక్కువసేపు ఆపింది వాడు కడిగి బోర్లించిన ఆ కంచం. మీరు దాన్ని వాడి మౌనానికి గుర్తుగా రాశారు. ఈ ఇంట్లో అన్నం తినే హక్కు తనకు పూర్తిగా లేదని, తిన్నంత మేరకైనా పని చేసి రుణం తీర్చుకోవాలని వాడు అనుకుంటున్నట్టు నాకు అనిపిస్తోంది. ఉద్యోగం లేని పిల్లలు ఇంట్లో క్రమంగా అతిథుల్లా మారిపోతారు. ఫ్యాను వేయాలన్నా, ఇంకో గరిటె పప్పు అడగాలన్నా, బండికి వంద రూపాయల పెట్రోలు పోయించాలన్నా ఒకటికి రెండుసార్లు ఆలోచిస్తారు. మనకు బద్ధకంగా కనబడే ఆ గది జీవితంలో చాలా భాగం ఇలాంటి లెక్కలతోనే గడుస్తుంది. కాబట్టి మీరు మొదట చేయవలసిన పని సలహా ఇవ్వడం కాదు. "ఆ రోజు నీ మీద అరవడం నా తప్పు, అది పెళ్లిలో పడ్డ బాధ, నీ మీద కోపం కాదు" అని వాడి గది గుమ్మం దగ్గర నిలబడి చెప్పండి. చెప్పి ఊరుకోండి. దాని వెంటనే "కానీ నువ్వు కూడా..." అనే మాట మాత్రం రానివ్వవద్దు.

వాడు ఎదురుచూస్తున్న ఈ కాలం వాడు ఎంచుకున్నది కాదనే సంగతి మీ ఇద్దరికీ, ముఖ్యంగా వాళ్ల నాన్నగారికి తెలియాలి. గ్రూప్-2 నోటిఫికేషన్ 2023 డిసెంబరులో వచ్చింది. ప్రిలిమ్స్ 2024 ఫిబ్రవరి 25న జరిగింది. మెయిన్స్ తేదీ మారుతూ వచ్చి చివరకు 2025 ఫిబ్రవరి 23న జరిగింది. అంటే ఒక మెట్టుకూ ఇంకో మెట్టుకూ మధ్య ఏడాదికి రెండు రోజులు తక్కువ. పోలీసు కానిస్టేబుల్ ఉద్యోగాలకు 2023 జనవరి 22న ప్రిలిమ్స్ రాసిన పిల్లలు తుది రాత పరీక్ష రాసింది 2025 జూన్ 1న. ఆ మధ్యకాలంలో ఆ పిల్లలు చదవడం మానితే మరిచిపోతారు, చదువుతూ కూర్చుంటే "ఇంకా చదువుతూనే ఉన్నాడా" అనిపించుకుంటారు. ఈ అవస్థ మీ ఇంటికి మాత్రమే వచ్చిందీ కాదు. కేంద్ర ప్రభుత్వం జరిపే శ్రామిక సర్వేలో 2023-24లో 15 ఏళ్లు పైబడినవారందరిలో నిరుద్యోగం 3.2 శాతంగా ఉంటే, 15 నుంచి 29 ఏళ్ల మధ్యవారిలో అది 10.2 శాతం. పెద్ద తరానికి ఇది అంతగా తగలదు, పిల్లల తరానికి నేరుగా తగులుతుంది. అందువల్లే "మా రోజుల్లో" అని మొదలయ్యే మాట వాడికి అంత పరాయిగా వినబడుతుంది.

ఇక వాడి రోజు ఎందుకు అలా చెదిరిపోయిందో చెబుతాను. ఆస్ట్రియాలో వియన్నాకు దగ్గరలో మారియెంతాల్ అనే చిన్న ఊరు ఉంది. ఊరంతా ఆధారపడ్డ బట్టల మిల్లు మూతపడ్డాక, 1930ల మొదట్లో మారీ యహోదా, పాల్ లాజర్స్‌ఫెల్డ్, హాన్స్ జైజెల్ అనే పరిశోధకులు తమ బృందంతో అక్కడికి వెళ్లి ప్రజల జీవితాన్ని దగ్గరగా చూశారు. పని పోయినవారికి తీరిక దొరికింది కదా, ఎక్కువ చదువుతారు, ఎక్కువ కలుస్తారు అని ఎవరైనా అనుకుంటారు. జరిగింది వేరు. రుసుము తీసేసినా గ్రంథాలయం నుంచి పుస్తకాలు తీసుకోవడం దాదాపు సగానికి పడిపోయింది. మగవాళ్లు వీధిలో నెమ్మదిగా నడుస్తూ, మాటిమాటికీ ఆగిపోతూ కనబడ్డారు. పొద్దుటి నుంచి ఏం చేశారని అడిగితే చెప్పుకోవడానికి వాళ్లకు పెద్దగా ఏమీ తోచలేదు. పని మనిషికి జీతంతో పాటు రోజుకు ఒక ఆకారాన్ని, నలుగురితో సంబంధాన్ని, నలుగురిలో ఒక గుర్తింపును, తనను మించిన ఒక ప్రయోజనాన్ని ఇస్తుందని యహోదా తరువాతి కాలంలో వివరంగా రాశారు. మీ అబ్బాయి మూడు గంటలకు అన్నం తినడాన్ని ఇప్పుడు మళ్లీ చూడండి. ఆ ఆకారం పోయిన రోజు అది. కోప్పడితే అది తిరిగి రాదు, ఇంట్లో వాడికి నిజమైన భాగం ఇస్తేనే వస్తుంది.

నిజమైన భాగం అన్న మాటను పట్టి అంటున్నాను. "ఖాళీగానే ఉన్నావు కదా, గ్యాస్ బుక్ చేయి, కరెంటు బిల్లు కట్టు" అన్నప్పుడు పని కంటే ముందున్న ఆ "ఖాళీగానే" అన్న మాటే చెవిలో మిగిలిపోతుంది. దానికి బదులు ఇంటి నెలవారీ ఖర్చుల పద్దు మొత్తం వాడికి అప్పగించండి. వాళ్ల నాన్నగారు లెక్కలు రాసే మనిషి అన్నారు. ఇంటి లెక్క కొడుకు రాసి, నెలాఖరున తండ్రి చూసే ఏర్పాటు చేస్తే, వాళ్లిద్దరి మధ్య ఆగిపోయిన మాట కనీసం పద్దు పుస్తకం మీదుగానైనా మొదలవుతుంది. వాడి చేతి ఖర్చుకు మీ శక్తిని బట్టి ఒక మొత్తం అనుకుని, ప్రతి నెలా ఒకటో తేదీన అడగకుండానే ఇవ్వండి. దానికి లెక్క అడగవద్దు. అడిగి తీసుకున్న వంద రూపాయలకూ, తనదని చేతికి వచ్చిన వంద రూపాయలకూ మధ్య ఎంత తేడా ఉంటుందో, ఏళ్లపాటు ఇంటి ఖర్చుకు భర్త ముందు చేయి చాచిన ఆడవాళ్లకు ఒకరు చెప్పనక్కర్లేదు.

ఇప్పుడు మీరు అడిగిన అసలు ప్రశ్న, ఏం మాట్లాడాలి అన్నది. నా అనుభవంలో ఈ ఇళ్లలో ఉద్యోగం గురించి సూటిగా మాట్లాడేది తక్కువ, దెప్పిపొడుపులు ఎక్కువ. పేపరులో వచ్చిన ప్రకటనను కత్తిరించి టేబుల్ మీద పెట్టడం, ఫలానావారి అబ్బాయి ప్యాకేజీ ఎంతో ఫోనులో బిగ్గరగా చెప్పడం, అన్నం వడ్డిస్తూ నిట్టూర్చడం, ఇవన్నీ రోజుకు పదిసార్లు అడిగిన ప్రశ్నతో సమానం. వారంలో ఒక గంట, ఆదివారం ఉదయం టిఫిన్ల తరువాత అనుకోండి, ముగ్గురూ కూర్చుని ఉద్యోగం గురించి మాత్రమే మాట్లాడండి. ఏ నోటిఫికేషన్ వచ్చింది, ఎంత చదివాడు, డబ్బు ఎంతవరకు సరిపోతుంది, నాన్నగారు ఇంకా ఎన్నేళ్లు పని చేయగలరు, అన్నీ దాచకుండా చెప్పుకోండి. మిగతా ఆరు రోజులూ ఆ మాట ఇంట్లో ఎత్తవద్దు. వంకాయ కూర గురించి మాట్లాడండి, క్రికెట్ గురించి మాట్లాడండి, పక్కవీధిలో కడుతున్న అపార్ట్‌మెంటు గురించి మాట్లాడండి. మొదటి రెండు వారాలు ఆ గంట ఇబ్బందిగానే గడుస్తుంది, నాన్నగారు లేచి వెళ్లిపోయినా పోవచ్చు. అయినా మానవద్దు.

ఆ గంటలోనే తేల్చుకోవలసిన సంగతి ఒకటుంది, గడువు. 2023 నోటిఫికేషన్‌లో గ్రూప్-2 రాయడానికి జనరల్ అభ్యర్థులకు కూడా 42 ఏళ్ల వరకు వీలిచ్చారు. ఆలస్యమైనవారికి అది మేలే, కానీ ఆ వయోపరిమితి ఉన్నంతకాలం "ఇక చాలు" అని పిల్లవాడికి చెప్పేవారు ఎవరూ ఉండరు. ఇంకా ఎన్ని ప్రయత్నాలు, ఏ నెల దాకా, ఈలోగా సగం పూటైనా చేయగల పని ఏమిటి అన్నది వాడే చెప్పాలి, మీరు వినాలి. గడువు మీరు విధిస్తే అది శిక్షగా మిగులుతుంది.

వాళ్ల నాన్నగారి గురించి కూడా ఒక మాట. ఆయన మౌనాన్ని కోపం అనుకుంటున్నారు. అందులో సగం భయమని నేను అనుకుంటాను, ఎందుకంటే పని మానేయవలసిన వయసు దగ్గరవుతున్న మనిషి, తన తరువాత ఈ ఇల్లు ఎలా నడుస్తుందో కొడుకును చూసే లెక్కవేసుకుంటాడు. "ఉద్యోగం పురుషలక్షణం" అని మనవాళ్లు తరతరాలుగా అంటున్నారు. ఆ మాటలో ఉద్యోగం అంటే నెల జీతం కాదు, ప్రయత్నం, పూనిక. భారతంలో ఉద్యోగపర్వం అన్న పేరులో ఉన్నది ఆ అర్థమే. ప్రయత్నం చేస్తూనే ఉన్న పిల్లవాడిని ఆ సామెతతోనే కొట్టడం అన్యాయమని ఆయనకు నా మాటగా చెప్పండి.

పెళ్లిళ్లలో అడిగేవారికి ఏం చెప్పాలో కూడా మీవాడినే అడగండి. "గ్రూప్స్ రాస్తున్నాడు" అనాలా, "ఇంటి దగ్గరే ఉన్నాడు" అనాలా, వాడు కోరుకున్న ఒక వాక్యాన్నే మీరిద్దరూ ఎక్కడైనా చెప్పండి. తన గురించి ఇంటివాళ్లు ఏం చెబుతున్నారో ముందే తెలిసిన పిల్లవాడు మెల్లగా నలుగురిలోకి వస్తాడు.

ప్రశ్న: నాకు 25 ఏళ్లు. మాది పల్నాడు వైపు ఊరు, విజయవాడలో రూము తీసుకుని పోటీ పరీక్షలకు చదువుతున్నాను. నాన్న మిర్చి వేస్తారు, నాకు పంపే డబ్బు అప్పు తెచ్చి పంపుతున్నారని ఈ మధ్యే తెలిసింది. రెండు నెలలుగా స్టడీ హాలుకు వెళ్లి పుస్తకం తెరిచి కూర్చుంటాను, ఒక్క పేజీ కూడా తిరగదు. తెల్లవారుజామున మూడింటికి మెలకువ వచ్చేస్తుంది. అమ్మ ఫోన్ చేస్తే ఎత్తడం లేదు. నేనే లేకపోతే నాన్నకు ఈ ఖర్చైనా తగ్గుతుందని ఈ మధ్య తరచుగా అనిపిస్తోంది. ఇది ఎవరికీ చెప్పలేదు.
– పేరు రాయలేదు

జవాబు: బాబూ, చివరి వాక్యానికే ముందు జవాబు రాస్తున్నాను. నువ్వు లేకపోతే ఖర్చు తగ్గుతుందన్న లెక్క నీ మనసు అలసటలో వేసిన తప్పు లెక్క. మిర్చికి ధర పడిపోయిన ఏడాది కూడా నాన్న అప్పు తెచ్చి నీకు పంపారంటే, ఆ ఇంట్లో నువ్వు ఖర్చుల పద్దులోని అంకెవు కావు. ఈ మాట నీకు ఇప్పుడు నమ్మబుద్ధి కాకపోవచ్చు. నమ్మకపోయినా ఫర్వాలేదు, కానీ ఈ ఉత్తరం చదివిన రోజే రెండు పనులు చెయ్యి.

మొదటిది, 14416 కు ఫోన్ చెయ్యి. దాని పేరు టెలీ మానస్. కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబరు 10న మొదలుపెట్టిన ఉచిత మానసిక ఆరోగ్య సహాయ కేంద్రం అది. పగలూ రాత్రీ పనిచేస్తుంది, తెలుగులో మాట్లాడవచ్చు. నీకు మెలకువ వచ్చే ఆ మూడు గంటల వేళ కూడా అవతల మనిషి ఉంటారు. ఏం చెప్పాలో తెలియకపోతే నాకు రాసిన ఈ ఉత్తరాన్నే చదివి వినిపించు. రెండోది, రూములో నీతో ఉండే స్నేహితుడికో, ఊళ్లో అన్న వరస అయ్యేవాడికో, ఎవరో ఒకరికి "నాకు చచ్చిపోవాలన్న ఆలోచనలు వస్తున్నాయి, ఈ కొన్ని రోజులు నన్ను ఒంటరిగా వదలొద్దు" అని ఆ మాటలే వాడి చెప్పు. చుట్టూ తిప్పి చెబితే వాళ్లు అర్థం చేసుకోలేరు. ఆలోచన పెరిగి, ఇప్పుడే ఏదైనా చేసుకోవాలన్న స్థితి వస్తే ఫోను కోసం కూడా ఆగకుండా, మనిషిని తోడు తీసుకుని పెద్దాసుపత్రి అత్యవసర విభాగానికి వెళ్లు. విజయవాడ, గుంటూరు ప్రభుత్వ ఆసుపత్రుల్లో మానసిక వైద్య విభాగాలున్నాయి.

పుస్తకం ముందు కూర్చున్నా పేజీ తిరగకపోవడం, తెల్లవారక ముందే మెలకువ రావడం, దగ్గరివాళ్ల ఫోను ఎత్తలేకపోవడం, ఇవి రెండు వారాలకు మించి కొనసాగితే వైద్యులు దాన్ని కుంగుబాటుగా అనుమానిస్తారు. నీకు రెండు నెలలైంది. ఇది సోమరితనం కాదు, చదువులో నీ శక్తి తగ్గిపోవడమూ కాదు. దీనికి చికిత్స ఉంది, చాలామందికి వారాల్లోనే తేడా తెలుస్తుంది. ఒళ్లు కాలిపోతున్నప్పుడు పరీక్ష రాయలేకపోయానని ఎవరూ తమను తాము తిట్టుకోరు కదా.

అప్పు సంగతి నాన్నతో మాట్లాడవలసిందే, అయితే ఆరోగ్యం కుదుటపడ్డాక. అప్పటిదాకా అమ్మ ఫోను మాత్రం ఎత్తు. "బాగున్నాను" అని అబద్ధం చెప్పనక్కర్లేదు. "ఒంట్లో బాగాలేదు, డాక్టరును చూస్తున్నాను" అంటే చాలు, అది నిజమే. కొన్నాళ్లు ఊరికి వెళ్లి ఉండాలనిపిస్తే వెళ్లు, రూము అడ్వాన్సు పోయినా పోనీ. వచ్చే సంచికలోపు నాకు మళ్లీ రాయి, ఒక్క వాక్యమైనా సరే. నీ ఉత్తరం కోసం ఎదురుచూస్తుంటాను.

ఈ ఉత్తరం చదువుతున్న తల్లిదండ్రులకు ఒక విన్నపం. దూరాన చదువుకుంటున్న బిడ్డ ఫోన్లు ఎత్తడం మానేస్తే, "చదువులో పడిపోయాడులే" అని సరిపెట్టుకోకండి. బస్సెక్కి వెళ్లి చూసి రండి. వెళ్లాక "ఎంతవరకు చదివావు" అని కాక, "నిద్ర పడుతోందా, అన్నం సహిస్తోందా" అని అడగండి. చచ్చిపోవాలని అనిపిస్తోందా అని అడగడానికి కూడా జంకవద్దు. అడిగితే ఆ ఆలోచన కొత్తగా పుట్టదు, ఉన్న ఆలోచన బయటికి రావడానికి దారి దొరుకుతుంది.

ప్రశ్న: మాది విజయవాడ కృష్ణలంక. నేను బీఈడీ చేశాను. డీఎస్సీ కోసం ఏళ్ల తరబడి చదివాను, వచ్చినప్పుడు కొద్ది మార్కుల్లో పోయింది. ఒక ప్రైవేటు బడిలో చెబుతుండేదాన్ని, చదువు కోసం మానేశాను. తమ్ముడికి ఉద్యోగం లేకపోతే ఇంట్లో అందరికీ దిగులు. నాకు లేకపోతే ఎవరికీ దిగులు లేదు, "సంబంధాలు చూస్తున్నాం కదా" అంటారు. పొద్దుట వంట, బట్టలు, నాయనమ్మ మందులు, అన్నీ నావే. నాకూ ఉద్యోగం లేదన్న బాధ ఉందని వీళ్లకు ఎలా చెప్పాలి?
– 28 ఏళ్ల అమ్మాయి

జవాబు: మీ బాధ ఇంట్లో ఎవరికీ కనబడకపోవడానికి కారణం మీ చేతుల్లో ఎప్పుడూ పని ఉండడమే. మీ తమ్ముడు ఖాళీగా కనబడతాడు, మీరు కనబడరు. గది తలుపు వేసుకుని బాధపడే తీరిక కూడా మీకు ఇవ్వలేదు. పెళ్లి అనే మాటను ఉద్యోగానికి బదులుగా అమ్మాయిల ముందు పెట్టడం మన ఇళ్లలో ఎంత మామూలైపోయిందంటే, అలా పెట్టేవారికి తాము ఏదో ఒకటి లాక్కుంటున్నామన్న స్పృహ కూడా ఉండదు.

డీఎస్సీ సంగతి మీకు నేను చెప్పనక్కర్లేదు. 2018 తరువాత నియామకాలు పూర్తిచేసిన డీఎస్సీ 2025లోనే వచ్చింది. ఆ ఏడాది ఏప్రిల్ 20న 16,347 పోస్టులకు ప్రకటన వెలువడింది. ఆ మధ్య ఏడేళ్లలో మీతో చదివిన ఎంతమంది ఆడపిల్లలు పుస్తకాలు అటకెక్కించి కాపురాలకు వెళ్లిపోయారో తలచుకుంటే మనసు కలుక్కుమంటుంది. వాళ్లెవరినీ ఓడిపోయినవారి కింద లెక్కించడానికి నాకు మనసొప్పదు.

ఇంట్లో చెప్పడానికి నాకు తోచిన దారి ఇది. మీ బాధను మాటల్లో వివరించే కంటే ముందు మీ సమయాన్ని అడగండి. "ఉదయం ఆరు నుంచి తొమ్మిది వరకు నేను చదువుకుంటాను, ఆ వేళ వంట తమ్ముడు చూస్తాడు, నాయనమ్మ మందులు నాన్న ఇస్తారు" అని సూటిగా చెప్పండి. అడిగిన మొదటి రోజు ఇల్లు కాస్త అల్లకల్లోలమవుతుంది. తమ్ముడు బియ్యం మాడ్చవచ్చు, మాడ్చనివ్వండి. ఉద్యోగం లేని ఇద్దరిలో ఒకరికే పని ఎందుకు పడుతోందన్న ప్రశ్న ఆ మాడిన గిన్నె దగ్గర అందరికీ కనబడుతుంది. ఇంకొకటి, మీరు మానేసిన బడి లాంటి చోట, జీతం తక్కువైనా, సగం పూట చేరే వీలుంటే చేరండి. మీ పేరు మీద నెలకు కొంత జమ కావడం, పొద్దుటే చీర కట్టుకుని గుమ్మం దాటడం, పిల్లలు "టీచర్" అని పిలవడం, ఇవి మీ చదువుకు అడ్డు రావు, ఊపిరి పోస్తాయి. సంబంధం వస్తే, పెళ్లి తరువాత కూడా డీఎస్సీ రాస్తానన్న మాట పెళ్లిచూపుల్లో మీ నోటితోనే చెప్పండి. ఆ మాటకు వెనక్కి వెళ్లే సంబంధం వెళ్లిపోవడమే మంచిది.

ప్రశ్న: నాది ఆటోనగర్‌లో చిన్న లేత్ పని షెడ్డు. ముప్పై ఏళ్లుగా ఇదే పని. నా చేతి నలుపు వాడికి అంటకూడదని అబ్బాయిని డిగ్రీ చదివించాను, రెండేళ్లు కోచింగ్ ఇప్పించాను. ఇప్పుడు వాడు "నాన్నా, నేనూ షెడ్డుకే వస్తాను" అంటున్నాడు. బంధువుల ముందు తలెత్తుకోలేను. ఎలా నచ్చచెప్పాలి?
– ఒక తండ్రి

జవాబు: అయ్యా, నచ్చచెప్పకండి, రానివ్వండి. మీ చేతి నలుపు వాడిని చదివించింది, వాడు దాన్ని చిన్నచూపు చూడడం లేదు. ఆ గౌరవం మీ పనికి మీరే ఇవ్వడం లేదని చెప్పడానికి నాకు కష్టంగా ఉంది. వాడు ఓడిపోయి వస్తున్నాడో, ఇష్టపడి వస్తున్నాడో తెలుసుకోవడం మాత్రం అవసరం. అందుకు ఆరు నెలలు అనుకోండి. ఆ ఆరు నెలలూ షెడ్డులో మిగతా కుర్రవాళ్లకు ఇచ్చినట్టే వారం వారం జీతం ఇవ్వండి. పేరుకు కొడుకు, పనికి కూలీ, చేతికి మాత్రం ఏమీ లేదన్న స్థితి రానివ్వవద్దు. పని నేర్పేటప్పుడు నలుగురిలో తిట్టకండి. మీ దగ్గర పని చేయించుకుని బాకీ పెట్టినవారి లెక్కలు, బిల్లులు, జీఎస్టీ వ్యవహారం వాడికి అప్పగించి చూడండి, చదివించిన డబ్బు ఎక్కడికీ పోలేదని మీకే తెలుస్తుంది. బంధువుల ముందు "మావాడు నా షెడ్డు చూసుకుంటున్నాడు" అని మీరు ముందుగా, గట్టిగా అంటే వాళ్లకు అడగడానికి ఏమీ మిగలదు.

ప్రశ్న: నేను ఇంజినీరింగ్ ఆఖరి సంవత్సరం. గుంటూరు దగ్గరి కాలేజీలో క్యాంపస్ సెలక్షన్లలో నాకు ఉద్యోగం వచ్చింది. అన్నయ్య మూడేళ్లుగా ఖాళీగా ఉన్నాడు. "వాడి ముందు సంతోషపడకు, ఇప్పుడే చెప్పకు" అని అమ్మ అంటోంది. వారం అయింది, నేను ఇంట్లో దొంగలా తిరుగుతున్నాను. చెప్పాలా, వద్దా?
– ఒక చెల్లెలు

జవాబు: ఈరోజే చెప్పమ్మా. నువ్వు దాచిన సంగతి వాడికి ఇంకెవరి ద్వారానో తెలిసిన రోజు, తన ముందు ఇంట్లో సంతోషం కూడా దాచుకోవలసి వస్తోందన్న బరువు వాడి మీద పడుతుంది. నీ ఉద్యోగం కంటే అది ఎక్కువ బాధపెడుతుంది. అమ్మ చెప్పకముందే, నాన్న స్వీట్లు తేకముందే, అన్నయ్యకు విడిగా, నీ నోటితో చెప్పు. "ఇది నీకు ముందు చెప్పాలనుకున్నాను" అను. వాడి ముఖం ఒక్క నిమిషం వాడిపోతుంది, దాన్ని చూసి నొచ్చుకోకు, క్షమాపణ కూడా చెప్పకు. నీ మీద ప్రేమ, తన మీద తనకున్న బాధ, రెండూ ఆ ఒక్క ముఖంలోనే కదా కనబడాలి. "నీకూ వస్తుందిలే" అన్న ఓదార్పు ఆ రోజుకు వద్దు. ఆఫర్ లెటర్‌లో అర్థంకాని షరతులు ఉంటాయి, బాండు అంటారు, జీతంలో కోతలు అంటారు. ఆ కాగితాలు వాడి ముందు పెట్టి, "ఇది కాస్త చదివి చెప్పన్నయ్యా, నాకు తెలియడం లేదు" అని పక్కన కూర్చో.